మొదటి పార ఎవరిది

మొన్న నేరేడ్‌మెట్ నుంచి మా అన్న మనవడు కిరణ్ మిఠాయి డబ్బా పట్టుకుని వచ్చాడు. పెళ్ళి కుదిరిందేమో అనుకుని సంబరంగా అందుకున్నాను. "స్టే వచ్చింది నానమ్మా" అన్నాడు. వాళ్ళ కాలనీలో కుర్రవాళ్ళంతా కలిసి పెట్టుకున్న యువజన సంఘం ఒకటుంది. రక్తదానాలు చేయిస్తారు, గణపతి పందిరి వేస్తారు, వానలకు కాలవ పొంగితే ముసలివాళ్ళను మోసుకెళ్ళి మేడ మీద కూర్చోబెడతారు. దానికి అధ్యక్షుడు వీడు. పదవీకాలం ఎప్పుడో అయిపోయింది దిగిపొమ్మని అవతలి జట్టు, మధ్యలో సంఘం మూతబడ్డ రోజులు లెక్కలోకి రావు కాబట్టి ఇంకా మిగిలే ఉందని వీడు, కోర్టుకెక్కారు. "ఇగ కేసు తేలేదాకా నన్నెవ్వడు కదపలేడు" అని డబ్బా మూత తీశాడు. ఒక ముక్క నోట్లో వేసుకున్నాను గానీ మింగడానికి చాలాసేపు పట్టింది. షుగరా అని అడిగాడు పాపం. కాదన్నాను. మీ తాత కూడా ఒకప్పుడు ఇలాంటి కేసులో ఉన్నాడురా అని నోటిదాకా వచ్చింది. అన్న పోయి ఇంకా ఏడాది కాలేదు, వాడి సంతోషం మీద నీళ్ళు చల్లడం ఎందుకని ఊరుకున్నాను. వాడు బండి స్టార్టు చేసుకుని వెళ్ళిపోయాక, వాడికి చెప్పలేనిది ఇక్కడ రాస్తున్నాను.

రాంగోపాల్‌పేట్‌లో మా ఇల్లు వీధిలోంచి చూస్తే ఇరుకు, లోపలికి పోతే పొడుగు. ముందు రెండు గదులు, తర్వాత వంటిల్లు, వెనక బర్రెల కొట్టం, కొట్టం వెనక గోడ. నేను కళ్ళు తెరిచేసరికి ఇంటినిండా పేడ వాసన, తడిసిన గడ్డి వాసన, తొట్టిలో నానే తెలకపిండి వాసన ఉండేవి. ఇప్పుడు ఎవరైనా ముక్కు మూసుకుంటారేమో గానీ నాకు తెల్లవారడమంటే అదే. నాయన పాలు పిండి, కావడి భుజానికెత్తుకుని మోండా మార్కెట్ హోటళ్ళకు పోసి వచ్చి, కాళ్ళు కడుక్కుని అరుగు మీద కూర్చునేవాడు. నోట్లో చుట్ట ఉండేది, దాన్ని వెలిగించేవాడు కాదు. అమ్మకు పొగ పడదు. చుట్ట మానలేడు, అమ్మను దగ్గించలేడు, అందుకని ఎండు చుట్టను నములుతూ కూర్చోవడం అలవాటు చేసుకున్నాడు. ఏ తగాదాలోనైనా ఆయన పద్ధతి అదే. ఎవరినీ నొప్పించకుండా మధ్యలో కూర్చుని నములుతాడు.

కొట్టం వెనక గోడకు అవతల తాలీం ఉండేది. దానికి రికార్డుల్లో పెద్ద పేరే ఉంది, యువజన సంఘమని, వ్యాయామశాల అని. మేం మాత్రం తాలీం అనేవాళ్ళం. ముందు రేకుల కప్పు కింద తెలుగు, ఉర్దూ పత్రికలు దారానికి కట్టి వేలాడదీసేవారు. వెనక కుస్తీ పట్టే గోదా. పేటలోని కుర్రవాళ్ళు, హిందువులైనా ముసల్మానులైనా, ఆ మట్టిలో దొర్లి పెరిగినవాళ్ళే. బోనాల నాడు తోపులాట కాకుండా తాళ్ళు పట్టుకునేదీ, పీర్ల పండగకు షర్బతు కుండలు మోసేదీ, మార్కెట్లో గడ్డివాముకు నిప్పంటుకుంటే బకెట్లతో పరిగెత్తేదీ వాళ్ళే. జీతం లేదు, బత్తెం లేదు. మా అమ్మ మాటల్లో చెప్పాలంటే తిన్నది అరగక చేసే పని.

గోదా మట్టి మామూలు మట్టి కాదు. ఎర్రమట్టిని జల్లించి, నువ్వుల నూనె, పసుపు, ఎండబెట్టి దంచిన వేపాకు, బాగా పులిసిన మజ్జిగ కలుపుతారు. వారం వారం తవ్వి తిరగేయాలి. అప్పుడే అది మెత్తగా ఉంటుంది, పడ్డవాడికి దెబ్బ తగలదు, గాయమైనా చీము పట్టదు. ఆ మజ్జిగ మా ఇంటిది. వంటింటి బయట దానికని వేరే కుండ ఉండేది. మూత తీస్తే కళ్ళలో నీళ్ళు తిరిగేంత పులుపు. ప్రతి జుమేరాత్ నాడు, అంటే గురువారం, సాయంత్రం నేను కొట్టంలో తెలకపిండి తొట్టి అంచు మీదికెక్కి ఆ కుండను గోడ మీద పెట్టేదాన్ని. అవతల నుంచి ఒక చెయ్యి పైకి వచ్చి అందుకునేది. వెంట్రుకల మధ్య దూది పింజలు అంటుకున్న చెయ్యి. "మా అక్కకు సలామ్ చెప్పు అండాలూ" అనే మాట వినిపించేది. మనిషి కనిపించేవాడు కాదు. నాకు పదహారేళ్ళు నిండినా ఆ పని ఇంకెవరికీ ఇవ్వలేదు.

ఆ చెయ్యి ఖాసిం మామది. వాళ్ళు దూదేకులవాళ్ళు, మా వీధి చివర పరుపులు, బొంతలు కుట్టేవారు. ఇంట్లో తెలుగే. పగలంతా దూది ఏకి ఏకి కనుబొమలు కూడా తెల్లగా ఉండేవి, నలభై నిండకుండానే ముసలివాడిలా కనిపించేవాడు. మా అమ్మను అక్కా అని పిలిచేవాడు. ఎప్పటినుంచో, ఎందుకో అడిగినవాళ్ళు లేరు. మా అన్న నర్సింగును ఎనిమిదేళ్ళప్పుడు గోదాలోకి దింపింది ఆయనే. అన్నకు ఆయన ఉస్తాద్. నాయన మాట కొట్టేసేవాడు గానీ ఉస్తాద్ మాటకు తిరుగులేదు. అమ్మ పెట్టిన చద్దన్నం వద్దనేవాడు, ఉస్తాద్ చెబితే పచ్చిగుడ్డు ముక్కు మూసుకుని తాగేవాడు.

ఖాసిం మామ తాలీంకు సదర్, అంటే అధ్యక్షుడు. ఈ సదర్ సంగతి కొంచెం వివరంగా చెప్పాలి, తగువంతా అక్కడే పుట్టింది కాబట్టి. ఆ రోజుల్లో మాకు తెలిసిన ఏ పదవికీ గడువు ఉండేది కాదు. పైన నిజాముకు లేదు, కింద పటేలుకు లేదు, మధ్యలో జమేదారుకూ లేదు. చస్తేనో, పైవాడికి కోపం వస్తేనో పోవాలి. తాలీం సదర్‌కు మాత్రం మూడేళ్ళు మియాద్ అని రాసుకున్నారు. మూడేళ్ళకొకసారి సభ్యులు గోదా చుట్టూ నిలబడి చేతులెత్తి ఎన్నుకునేవారు. ఎన్నుకోగానే అయిపోదు. దిగిపోయే సదర్ గోదాలోకి దిగి మొదటి పార వేయాలి. ఆ పారను రెండు చేతులతో కొత్త సదర్ చేతిలో పెట్టాలి. కొత్తవాడు రెండో పార వేయాలి. అప్పుడే వాడు సదర్. ఆ తర్వాత మూడేళ్ళపాటు ప్రతి వారం మొదటి పార వాడిదే, మిగతాది కుర్రవాళ్ళు తవ్వుతారు. ఆ మొదటి పార ఇంకెవరైనా వేస్తే గోదాను ఎంగిలి చేసినట్టు చూసేవారు. మేం కూడా గోడ మీదనుంచి తొంగి చూసి ఎవరు ఎలా పట్టుకున్నారో, ఎవరి చెయ్యి వణికిందో చెప్పుకునేవాళ్ళం.

ఖాసిం మామ మియాద్‌లో ఇంకా ఏడాదికి పైగా మిగిలి ఉండగా రజాకార్ల గొడవలు ముదిరాయి. ఒకనాడు కొందరు తుపాకులు పట్టుకుని తాలీంకు వచ్చి, కుర్రవాళ్ళను కవాతుకు పంపమన్నారు. ఖాసిం మామ గుమ్మంలో అడ్డంగా కూర్చున్నాడు. "పోరగాండ్లు కుస్తీ నేర్చుకుంటందుకు నా కాడికొచ్చిండ్రు. ఇండ్ల తల్లులకు నేను జవాబు చెప్పాలె. మీరు చెప్తరా?" అన్నాడట. ఆయనను బండబూతులు తిట్టి వెళ్ళిపోయారు. ఆ తర్వాత చాలా రోజులు ఆయన దుకాణంలో బొంత కుట్టించుకోవడానికి వాళ్ళవాళ్ళెవరూ రాలేదు. ఇదంతా పేటలో అందరికీ తెలుసు. తెలిసిన సంగతి మర్చిపోవడానికి మనుషులకు పెద్దగా కష్టపడక్కర్లేదని తర్వాత అర్థమైంది నాకు.

పోలీస్ యాక్షన్ అయింది. మిలిటరీ లారీలు బొల్లారం వైపు నుంచి దిగాయి, జనం పూలు చల్లారు. నాయన ఆ రోజు పాలు ఊరికే పోసి వచ్చాడు. మాకు సంతోషమే, కాదని ఎందుకంటాను. కానీ మా వీధి చివర కొన్ని తలుపులు పొద్దెక్కినా తెరుచుకోలేదు. కొన్నాళ్ళకు ఎవరు చెప్పారో, ఏమని చెప్పారో, తాలీం నడిపే ముసల్మాను కదా విచారించాలని పోలీసులు ఖాసిం మామను తీసుకుపోయారు. కుడుతున్న బొంతలో సూది అట్లాగే గుచ్చి ఉంది. ఆయన భార్య హుసేనమ్మ అత్త దాన్ని తియ్యకుండా బొంతను మడిచి లోపల పెట్టింది. ఆయన వచ్చి పూర్తి చేస్తాడని.

ఆయన లేని ఆ రోజుల్లోనే తాలీంలో మీటింగు పెట్టారు. కొత్తగా నల్లకోటు వేసుకున్న వకీలు ఒకాయన సలహా చెప్పాడు. పాత సర్కారు పోయింది, దానితో పాటే దాని కింద ఉన్న పదవులన్నీ పోయాయి, కనక సదర్ కుర్చీ ఖాళీ అన్నాడు. వినడానికి బాగుంది. చేతులెత్తారు. మా అన్న సదర్ అయ్యాడు. అప్పుడు వాడికి ఇరవై దాటాయో లేదో. ఇంటికొచ్చి చెబితే అమ్మ గంపలో బియ్యం చెరుగుతూ తలెత్తలేదు. "మొదటి పార ఎవరేసిండ్రు?" అని మాత్రం అడిగింది. అన్న కాళ్ళు కడుక్కోవడానికి కొట్టంలోకి పోయాడు. ఎవరూ వేయలేదు. వేయడానికి వాడికే ధైర్యం చాల్లేదు.

ఖాసిం మామను ఏ తప్పూ లేదని వదిలేశారు. తన ఇంటికి పోకముందే మా ఇంటికి వచ్చాడు. మాసిన గడ్డం, కనుబొమల్లో దూది లేదు. దూది లేని ఆయన ముఖం అదే మొదటిసారి చూశాను, ఎవరో పరాయి మనిషి అనుకున్నాను. అన్న అరుగు మీద పాలు తాగుతున్నాడు. ఆయనను చూసి లేచి నిలబడ్డాడు, గ్లాసు ఎక్కడ పెట్టాలో తెలియక చేతిలోనే పట్టుకున్నాడు.

"విన్న నర్సింగా. మీటింగు పెట్టుకున్నరంట" అన్నాడు ఖాసిం మామ.

"నేనొక్కణ్ణే పెట్టలే ఉస్తాద్. అందరు కలిసి పెట్టిండ్రు."

"ఇంకొక్క ఏడు ఆగితే నేనే పెడుదును గదరా. నా చేతులతోని నీ చేతిల పార పెడుదును. నీకు గాక ఇంకెవనికిస్త? గంత తొందర ఏమొచ్చె?"

"సర్కారే మారిపోయింది గద. పాత సర్కారుతోని పాత పదవులు సుత పోయినయని వకీల్ సాబ్ చెప్పిండు."

"నన్ను సదర్ చేసింది నిజామా బిడ్డా? చేతులెత్తింది మీరు గాదా? నీ చెయ్యి సుత లేసింది. అందరికన్న ముందు లేసింది. నేను చూసిన."

అన్న తలదించుకున్నాడు. తర్వాత చిన్నగా అన్నాడు. "మీ పేరు బోర్డు మీద ఉంటె తాలీం మూసేస్తమంటున్నరు ఉస్తాద్. పోలీసోళ్ళు దినాం వచ్చి అడుగుతున్నరు. తాలీం ఉండాలె గద."

"గది చెప్పు మరి" అన్నాడు ఖాసిం మామ. గొంతు పెంచలేదు. "నీ పేరు మాకొద్దు ఖాసిమూ అని మొఖం మీద చెప్పు. లేసి పోత. మియాద్ అయిపోయిందని అబద్ధమెందుకు చెప్తవ్?"

అమ్మ చాయ పట్టుకుని బయటికి వచ్చింది. "కూసో తమ్మీ. మొదలు జెర చాయ తాగు" అంది. ఆయన గ్లాసు అందుకున్నాడు గానీ కూర్చోలేదు. నిలబడే అమ్మతో చెప్పాడు. "నాకు కుర్సీ మీద ఆశ లేదక్కా. కుర్సీ ఏడుంది తాలీంల, మట్టే గద. పోలీసోళ్ళు తీస్కపోయిండ్రు, వచ్చేవరకు పదవి తీసేసిండ్రు అంటె, ఖాసిం ఏదో చేసిండని పేటంత నమ్ముతది. నా పిల్లలు సుత నమ్ముతరు. నా ఏడు నన్ను పూర్తి చెయ్యనియ్యుండ్రి. ఆఖరి దినం పార నర్సింగు చేతిల పెట్టి పోత. గింతే అడుగుతున్న." నాయన చుట్ట నములుతూ నేల చూస్తున్నాడు. అన్న ఒక్క మాట అని ఉంటే అక్కడితో అయిపోయేది. వాడు అనలేదు. వాడి వెనక వకీలు ఉన్నాడు, దోస్తులు ఉన్నారు, కొత్తగా సదర్ సాబ్ అని పిలిచే పిలుపు ఉంది. ఇరవయ్యేళ్ళ వయసులో ఆ పిలుపు ఎంత తీపో నాకు తెలియదు గానీ వాడి ముఖంలో చూశాను.

అలా మున్సిఫ్ కోర్టులో కేసు పడింది. ఖాసిం మామ అడిగిందల్లా తన మియాద్ ఇంకా ఉందని కోర్టు చెప్పాలని. మొదటి పేషీలోనే జడ్జి హుకుం ఇచ్చాడు. కేసు తేలేదాకా సంఘంలో ఎక్కడివక్కడ, ఉన్నవి ఉన్నట్టు ఉండాలి, ఎవరూ మార్చకూడదు అని. దాని అర్థం సదర్ నేనంటే నేనని ఎవరూ కొత్త పెత్తనాలు చేయవద్దనే. మట్టి గురించి కోర్టు ఒక్క మాట అనలేదు, జడ్జికి అక్కడ మట్టి ఉందని కూడా తెలిసి ఉండదు. మా వాళ్ళకు మాత్రం ఉన్నది ఉన్నట్టు అనగానే గోదా గుర్తొచ్చింది. మొదటి పార వేసేది సదర్ కదా. ఖాసిం మామ వేస్తే తానే సదర్‌నని రుజువు చేసుకున్నట్టు, అన్న వేస్తే వాడు రుజువు చేసుకున్నట్టు. ఇద్దరి వకీళ్ళూ ఇద్దరికీ ఒకటే చెప్పారు, పార ముట్టుకోవద్దని. గోదా తవ్వకుండా ఉండిపోయింది. మట్టి మెత్తబరచడానికి పనికొచ్చే చేతులు పేటలో ఎన్నో ఉన్నాయి, ఒక్కటీ కదల్లేదు. జడ్జినే వెళ్ళి అడుగుదామని ఎవరికీ తోచలేదు. ఇప్పుడు తలుచుకుంటే నవ్వు రావాలి. నాకెన్నడూ రాలేదు.

పేషీ మీద పేషీ పడింది. ఒకసారి జడ్జి సెలవు, ఒకసారి వకీలు పెళ్ళికి పోయాడు, ఒకసారి కొత్త సర్కారు కాయిదాలేవో మారుతున్నాయని వాయిదా. తాలీం తలుపులు తెరిచే ఉండేవి, పత్రికలు వచ్చేవి, చదివేవాళ్ళు రెండు జట్లుగా రెండు మూలల్లో కూర్చునేవారు. గోదా ఎండకు బీటలు వారింది. వాన పడ్డప్పుడు అడుసు, ఎండినప్పుడు బండ. గోడ మీదనుంచి చూస్తే వేపాకు పసుపు కలిసిన ఆ వాసన పోయి, ఒట్టి దుమ్ము వాసన వచ్చేది. కుర్రవాళ్ళు కొందరు వేరే తాలీంలకు పోయారు, కొందరు కుస్తీయే మానేశారు.

అమ్మ మాత్రం మజ్జిగ కుండ ఆపలేదు. వారమంతా పులియబెట్టేది. జుమేరాత్ నాడు సాయంత్రం నన్ను తొట్టి ఎక్కమనేది. నేను కుండ గోడ మీద పెట్టేదాన్ని. అవతల నుంచి చెయ్యి వచ్చేది కాదు. చీకటి పడేదాకా చూసి, అమ్మే కుండ దింపి, మురిక్కాలవలో ఒంపి కడిగి, మళ్ళీ కొత్తది పోసేది. "ఎందుకమ్మా, పిల్లలు తాగే మజ్జిగ పాడు" అన్నాను ఒకసారి. "ఎన్నడు తీర్పొస్తదో ఏమెరుక. తీర్పొచ్చిన దినం మజ్జిగ లేకుంటె ఎట్ల?" అంది. అన్న ఆ కుండ పక్కనుంచి పోయేటప్పుడు ముఖం అటు తిప్పుకునేవాడు.

నాయనను సాక్షిగా పిలిచారు. ఆయన ఎటూ చెప్పకుండా నమిలి వస్తాడనుకున్నాం అందరం. కోర్టులో జడ్జి "ఎవరయ్యా మీ సదర్" అని అడిగితే నాయన చేతులు కట్టుకుని, "మూడేండ్లకని చేతులెత్తినం సాబ్. ఇంక మూడేండ్లు కాలే. నా కొడుక్కు సుత గది తెలుసు" అన్నాడు. ఆ రోజు ఇంట్లో కుంపటి వెలిగినా ఎవరూ సరిగా తినలేదు. అన్న గోడవైపు తిరిగి కూర్చుని, "తండ్రివే గద నువ్వు. కొడుకును కోర్టుల తలదించుకునేటట్టు చేస్తివి" అన్నాడు. "తండ్రినే. గందుకనే చెప్పిన" అన్నాడు నాయన. అప్పటినుంచి ఇద్దరూ ఒకరి పేరు పెట్టి ఒకరిని పిలవడం మానేశారు. ఏదైనా చెప్పాలంటే నాతో చెప్పేవారు, పక్కనే కూర్చుని. మాట మోసి మోసి నాకు విసుగొచ్చేది. ఇద్దరి మీదా ఏడుపొచ్చేది.

తీర్పు వచ్చింది. ఖాసిం మామ గెలిచాడు. సర్కారు మారినంత మాత్రాన సంఘం సదర్ మియాద్ పోదు, ఆయన లేకుండా పెట్టిన మీటింగు చెల్లదు అని జడ్జి చదివాడు. కుర్చీలోంచి లేవబోయిన ఖాసిం మామను వకీలు భుజం పట్టి కూర్చోబెట్టాడట, ఇంకా ఉంది వినమని. అయితే కేసు నడుస్తుండగానే ఆ మూడేళ్ళూ నిండిపోయాయి, మియాద్ ముగిసింది, కనక ఇప్పుడు ఆయనకు ఇప్పించడానికి కోర్టు దగ్గర ఏమీ లేదు, సంఘం కొత్తగా ఎన్నిక జరుపుకోవచ్చు. తీర్పు అంతే. నిజం ఆయన వైపు ఉందని కోర్టు ఒప్పుకుంది. ఏడాది మాత్రం కోర్టు మెట్ల మీద అయిపోయింది.

మళ్ళీ చేతులెత్తారు. ఈసారి అంతా రూలు ప్రకారం, అన్నే సదర్ అయ్యాడు. మరునాడు పొద్దున్నే వాడు ఎవరికీ చెప్పకుండా వీధి చివరికి పోయి ఖాసిం మామను పిలుచుకొచ్చాడు. ఏం చెప్పి పిలిచాడో తెలియదు. అమ్మ కుండ తలకెత్తుకుంది, నేనూ నాయనా వెనక నడిచాం. ఆడవాళ్ళం ఆ గుమ్మం దాటడం అదే మొదలు. గోదా దగ్గర అన్న మూలనున్న పార తెచ్చి, తుడిచి, రెండు చేతులతో ఆయన ముందు పట్టాడు.

"ఒక్క పార వెయ్యుండ్రి ఉస్తాద్. వేసి నా చేతికియ్యుండ్రి."

ఖాసిం మామ పార వంక చూశాడు. ముట్టుకోలేదు. "ఎట్లేస్త బిడ్డా? నా మియాద్ అయిపోయిందని కోర్టే చెప్పె. సదర్ కానోడు మొదటి పార వెయ్యొద్దు గద."

"మీరే సదర్ అని సుత కోర్టే చెప్పింది గద ఉస్తాద్."

"ఉంటిని అని చెప్పింది. ఉన్న అని చెప్పలే." పార మీదనుంచి చూపు తిప్పి అన్న వంక చూశాడు. "నీ మీద కోపం లేదు నర్సింగా. ఉండె, పోయింది. నా చేతిల లేనిది నీ చేతిల పెట్టుమంటె ఏడికెల్లి తేవాలె నేను?"

"తమ్మీ, నా మొఖం చూసన్న..." అని అమ్మ మొదలుపెట్టింది. కుండ దించి ఆయన ముందు పెట్టింది. ఆయన కుండకు మొక్కినట్టు వంగాడు. అట్లాగే ఇంకొంచెం వంగి, పహిల్వానులు గోదా వదిలిపోయేటప్పుడు చేసినట్టు, చిటికెడు మట్టి తీసి నుదుటికి రాసుకోబోయాడు. వేళ్ళకు మట్టి రాలేదు. గోరుతో గీకాడు. అయినా రాలేదు. లేచి, చెయ్యి లుంగీకి తుడుచుకుని, మా అందరికీ సలామ్ చేసి వెళ్ళిపోయాడు. కొద్ది రోజులకే ఇల్లు ఖాళీ చేసి అత్త పుట్టింటి ఊరు, జహీరాబాద్ వైపు, పిల్లలతో వెళ్ళిపోయారు. ఆయన పోయిన కబురు కూడా చాలా కాలానికి మోండా మార్కెట్లో ఒక దూది వ్యాపారి నోట విన్నాం.

ఆ పొద్దు అన్న తానే గోదాలోకి దిగి పార వేశాడు. రాతి మీద వేసినట్టు చప్పుడైంది. అమ్మ కుండెత్తి మజ్జిగ పోసింది. అది లోపలికి ఇంకలేదు, తెల్లగా పైనే నిలబడింది. నాయన గబగబా వెళ్ళి కొడుకు చేతిలోంచి పార అందుకుని తవ్వడం మొదలుపెట్టాడు. చాలా కాలానికి మొదటిసారి "నర్సింగా, గడ్డపార తేరా" అని నేరుగా పిలిచాడు. ఇద్దరూ పొద్దెక్కేదాకా తవ్వారు. తర్వాత బండ్లతో కొత్త మట్టి తోలించారు, నూనె కలిపారు, తాలీం మళ్ళీ నడిచింది. నడిచింది కాబట్టి అన్న చేసింది సరే అన్నవాళ్ళున్నారు. మూసేస్తామన్న పోలీసులు మళ్ళీ రాలేదు కూడా. కానీ అమ్మ ఆ వారం నుంచి కుండ పెట్టడం మానేసింది. తాలీం వాళ్ళు మజ్జిగ బయట తెచ్చుకున్నారు.

ఇప్పుడు ఆ తాలీం లేదు. గోదా ఉన్నచోట బండలు పరిచి స్కూటర్లు పెడుతున్నారు. ఆ రోజులు మంచివి, ఈ రోజులు చెడ్డవి అని నేను రాయను. మంచివే అయితే ఖాసిం మామ మా వీధిలోనే ముసలివాడయ్యేవాడు. ఒక్క తేడా మాత్రం కనిపిస్తుంది నాకు. అప్పుడు పదవి కోసం కోర్టుకెక్కిన మనిషికి, దాన్ని ఇంకొకరి చేతిలో ఎలా పెట్టి పోవాలన్నదే దిగులు. కిరణ్‌కు ఆ దిగులు లేదు. అవతలి కుర్రాడి పేరు అడిగితే "వాడా" అని చెయ్యి ఊపాడు, పేరు చెప్పలేదు. చిన్నప్పుడు ఇద్దరూ ఒకే సైకిలు మీద బడికి పోయినవాళ్ళని నాకు తెలుసు.

అన్న ఆ తర్వాత ఎన్నో ఏళ్ళు సదర్‌గా ఉన్నాడు. ప్రతిసారీ చేతులెత్తే ఎన్నుకున్నారు, ఎవరూ వేలెత్తి చూపలేదు. పేటలోనే కాదు, ముసలితనంలో నేరేడ్‌మెట్‌కు మారాక కూడా పాతవాళ్ళు ఎదురుపడితే "సదర్ సాబ్" అని పిలిచేవారు. పిలిచిన ప్రతిసారీ మా అన్న ముందుగా వెనక్కి తిరిగి చూసేవాడు, ఉస్తాద్ గానీ వచ్చాడేమోనని.